గద చూశారు, సుత్తి చూడలేదు

2022 ఫిబ్రవరి 7 రాత్రి ఢిల్లీలో ప్రవీణ్ కుమార్ సోబ్తీ చనిపోయాడు. మర్నాడు ఎక్కడ చూసినా ఒకటే శీర్షిక: మహాభారత్ భీముడు ఇక లేడు. ఒకటే బొమ్మ. కిరీటం, భుజకీర్తులు, భుజమ్మీద గద. వార్త సగం అయ్యాక ఎక్కడో ఒక వాక్యం తగిలేది, ఆయన క్రీడాకారుడు కూడా అని.

ఆ 'కూడా' దగ్గర మేం ఆగిపోయాం. ఆ మాట మాకు పాత పరిచయం. తెలుగులో మా వ్యాసమో కవితో అచ్చయితే చాలు, "మీకు తెలుగు కూడా బాగా వచ్చే!" అని మెచ్చుకునే పెద్దమనుషులు రాజమండ్రిలోనూ ఉన్నారు, కాకినాడలోనూ ఉన్నారు, ఏలూరులోనూ ఉన్నారు. రాజమండ్రి మెయిన్ రోడ్డు పెద్ద మసీదులో 1324 నాటి ఫారసీ శాసనం ఉంది. ఏడువందల ఏళ్లుగా ఈ గోదావరి నీళ్లు తాగుతున్నాం. అయినా మా తెలుగు ఇంకా 'కూడా' దగ్గరే ఉంది. మనిషి అసలు బతుకుని వాక్యం చివరికి తోసేసి, చూసేవాళ్లకి ఇష్టమైన వేషాన్ని ముందు నిలబెట్టే ఆ చిన్న మాట ప్రవీణ్ కుమార్‌ని ఏం చేసిందో చూద్దామనిపించింది. ఆయన మా మతంవాడు కాదు, మా ప్రాంతంవాడు కాదు. అయినా ఆయన కథలో మా ముక్క ఒకటి ఇరుక్కుని ఉంది.

1947 డిసెంబరు 6న అమృత్‌సర్ దగ్గరి సర్హాలీ కలాన్‌లో పుట్టాడు. దేశం రెండు ముక్కలై నాలుగు నెలలు కాలేదు, ఆ నెత్తురు ఇంకా ఆరని నేల అది. డిసెంబరు 6 అంటే 1992 తర్వాత మాకు ఇంకేదీ గుర్తు రాదు. ఆ తారీఖున ఒక మనిషి పుట్టాడని, పుట్టినరోజులు జరుపుకున్నాడని ఈ వ్యాసం కోసం వివరాలు చూస్తుంటేనే మా తలకెక్కింది.

పంతొమ్మిదేళ్లు నిండకముందే, 1966 ఆగస్టులో జమైకాలోని కింగ్‌స్టన్‌లో జరిగిన కామన్వెల్త్ క్రీడల్లో హేమర్‌త్రోలో రజత పతకం తెచ్చాడు. అదే ఏడు డిసెంబరులో బాంకాక్ ఆసియా క్రీడలు. అక్కడ డిస్కస్‌లో స్వర్ణం, హేమర్‌లో కాంస్యం. 1967లో అర్జున అవార్డు ఇచ్చారు. (కాబోయే భీముడికి అర్జునుడి ప్రతిమ! ఎవరూ అనుకుని చేసింది కాదులెండి.) 1970లో మళ్లీ బాంకాక్‌లో డిస్కస్ స్వర్ణం, 1974 టెహరాన్‌లో రజతం. మధ్యలో రెండు ఒలింపిక్స్. 1968 మెక్సికోలో హేమర్, 1972 మ్యూనిక్‌లో డిస్కస్. సరిహద్దు భద్రతా దళంలో ఉద్యోగం, డిప్యూటీ కమాండెంట్ దాకా వెళ్లాడు.

ఆసియాలో పెద్దవాడు, ప్రపంచంలో మామూలువాడు. ఇది దాచాల్సిన సంగతి కాదు. మెక్సికోలో హంగేరీ మనిషి జివోత్‌స్కీ 73.36 మీటర్లు విసిరి స్వర్ణం పట్టుకుపోయాడు. మనవాడి సత్తా అరవై మీటర్ల దాపుల్లో. ఫైనల్ దాకా రాలేదు. మ్యూనిక్‌లోనూ అంతే. ఓడిపోయి ఇంటికొచ్చాడు, మళ్లీ ఉద్యోగానికి పోయాడు, మళ్లీ విసిరాడు. ఎవరూ ఆయన్ని పట్టుకుని "నువ్వు ఎవరి తరఫున విసిరావ్?" అని అడగలేదు. ఈ మాట ఎందుకంటున్నామో మా పాఠకులకి చెప్పక్కర్లేదు. 2021 అక్టోబరు 24న దుబాయిలో పాకిస్తాన్ చేతిలో పదకొండు మంది ఓడిపోతే, ఆ రాత్రి బూతులన్నీ మహమ్మద్ షమీ ఒక్కడి మీదే పడ్డాయి. ఓడిపోయే హక్కు అందరికీ ఒకేలా లేదు ఈ దేశంలో. గెలిచిన సాయిబుని దేశం భుజానికెత్తుకుంటుంది, నిజమే. ఓడిన సాయిబుని కూడా మామూలుగా ఓడిపోనివ్వమనే మేం అడుగుతున్నాం. ప్రవీణ్ కుమార్‌కి మెక్సికోలో దొరికిన ఆ మామూలుతనం మాకెప్పుడొస్తుంది?

ఇక ఆ ఆట సంగతి. హేమర్ అన్నారు కదా అని కమ్మరి సుత్తిని ఊహించుకుంటే తప్పు. పదహారు పౌన్ల ఇనుపగుండు, అంటే 7.26 కిలోలు. దానికి సుమారు నాలుగడుగుల ఉక్కుతీగ, తీగ చివర పట్టుకోడానికి పిడి. ఏడడుగుల వలయంలో నిలబడాలి. గుండుని తల చుట్టూ రెండుసార్లు తిప్పి, తర్వాత తనే మూడు నాలుగు చుట్లు బొంగరంలా తిరిగి వదలాలి. తిరిగే కొద్దీ గుండు మనిషిని బయటికి లాగుతుంది. వాడు వెనక్కి వాలి, మడమ తిప్పుతూ ఆ లాగుడుకి ఎదురు నిలవాలి. గుండు చేయి వదిలాక కూడా కాలు వలయం దాటకూడదు. దాటితే ఎర్రజెండా. ఎంత దూరం పోయినా లెక్కలోకి రాదు. చుట్టూ వల కట్టిన పంజరం. చూడ్డానికి జనం పెద్దగా రారు. తెలుగులో దీనికి పేరు కూడా సరిగ్గా లేదు. 'సుత్తి విసురుడు' అందామా అంటే, మన నరసాపురం జంధ్యాల 1982లో 'నాలుగు స్తంభాలాట' తీసి ఆ మాటకి వేరే గతి పట్టించేశారు. గోదావరి జిల్లాల్లో ఎవడైనా సుత్తి వేస్తున్నాడంటే జనం లేచి వెళ్లిపోతారు. ప్రవీణ్ కుమార్ సుత్తికి పట్టిన గతీ దాదాపు అదే.

ఆయన్ని మేం మొదట చూసింది భీముడిగానే. ఈ తప్పులో మేమూ భాగస్తులమే.

1988 అక్టోబరు 2, ఆదివారం. రాజమండ్రిలో మా వీధి సాయిబుల పిల్లలం అందరం కలిసి పక్కింటి మామ్మగారి హాల్లో చేరాం. మా ఇళ్లలో టీవీ లేదు. ఆవిడకి టీవీ ఉంది గానీ హిందీ లేదు. ఇంట్లో ఉర్దూ మాట్లాడుకునే పిల్లలం కాబట్టి హిందీ మాకు వచ్చేస్తుందని ఆవిడ నమ్మకం. "ఒరే సాయిబుగారబ్బాయ్, ఏవంటున్నాడ్రా ఆ ముసలాయన?" అని అడిగేది. చెప్పేవాళ్లం. చెప్పినందుకు జంతికలు దొరికేవి.

నిజం చెప్పాలంటే ఆ హిందీలో సగం మాకు అర్థమయ్యేది కాదు. ప్రతిజ్ఞ, వచన్, కర్తవ్య్, సింహాసన్, ఇవన్నీ మా ఇంటి మాటలు కావు. అవి మామ్మగారికే ముందు అర్థమయ్యేవి. ఆవిడకి తెలియనిది ఆ మాటల్ని కలిపే హై, థా, కరూంగా, నహీఁ కర్ సక్తా. ఆ క్రియలు మావి. నామవాచకాలు ఆవిడవి, క్రియలు మావి. ఇద్దరం కలిస్తే ఒక వాక్యం పూర్తయ్యేది. 94 భాగాలు అలా గడిచాయి. ధృతరాష్ట్రుడు భీష్ముణ్ణి 'తాత్‌శ్రీ' అన్నప్పుడల్లా మామ్మగారికి చిరాకు. "పెదనాన్నని పట్టుకుని తాతంటాడేవిట్రా వీడు?" మాకూ జవాబు తెలీదు.

ఆ జవాబు చాలా ఏళ్ల తర్వాత దొరికింది. ఆ సంభాషణలు రాసింది డాక్టర్ రాహీ మాసూమ్ రజా. టైటిళ్లలో పేరు దేవనాగరిలో పడేది, కూడబలుక్కుని చదివేలోపు పోయేది. గాజీపూర్ దగ్గరి గంగౌలీ ఆయన ఊరు. 'ఆధా గావ్' నవల రాసినవాడు. అలీగఢ్‌లో ఉర్దూ చెప్పినవాడు, 'తిలిస్మె హోష్‌రుబా' మీద పరిశోధన చేసినవాడు. పితాశ్రీ, మాతాశ్రీ, భ్రాతాశ్రీ, తాత్‌శ్రీ అనే పిలుపుల్ని ఆ సీరియల్‌కి ఆయనే పెట్టాడంటారు. అబ్బాజాన్, అమ్మీజాన్, భాయిజాన్, చచాజాన్. ఆ నడకే, పోలిక పట్టడానికి పండితుడక్కర్లేదు. మా ఇళ్లలో పొద్దున లేస్తే వినపడే పిలుపు సంస్కృతం బట్ట కట్టుకుని హస్తినాపురం వెళ్లింది. మామ్మగారి హాల్లో కూర్చుని మేం అనువాదం చేస్తున్నది మా ఇంటి తెహజీబ్‌నే అని మాకు తెలీదు. ఆవిడకీ తెలీదు. తెలిస్తే జంతికలు ఇంకో రెండు ఎక్కువ పెట్టేదో, తక్కువ పెట్టేదో చెప్పలేం.

రాహీ ఈ పని చేస్తున్నాడని బయటికి రాగానే, హిందువులెవరూ దొరకలేదా అని చోప్రాకి ఉత్తరాలు వచ్చాయంటారు. అప్పటిదాకా తీరిక లేదని తప్పుకుంటున్న రాహీ ఆ ఉత్తరాలు చూశాకే, గంగ కొడుకుని నేను, నేనే రాస్తానని ఒప్పుకున్నాడట. గంగ కొడుకంటే భారతంలో భీష్ముడు. ఆ మాటలో పొగరు ఉంది, దెబ్బ తిన్న మనిషి పొగరు. మాకు ఆ పొగరు నచ్చుతుంది. మేం గోదావరి బిడ్డలం. నన్నయ రాజరాజ నరేంద్రుడి కొలువులో భారతం మొదలుపెట్టింది మా ఊళ్లోనే. పిఠాపురంలో సూఫీ పీఠం నడిపిన డాక్టర్ ఉమర్ ఆలీషా తెలుగు పద్యాలు, నాటకాలు రాశారు, 'అనసూయ' కథని నాటకంగా కట్టారు. ఆయన్నెవరూ అనుమతి అడిగి రమ్మనలేదు.

కానీ ఇక్కడ మా సెక్యులర్ మిత్రులతో ఒక పేచీ ఉంది. రాహీ పేరెత్తగానే వాళ్ల కళ్లు చెమరుస్తాయి. "చూశారా, మహాభారత్ రాసింది ఒక ముస్లిం కూడా!" అంటారు. అదే 'కూడా'. రాహీ నలభై ఏళ్లు తన ఊరి షియా ముస్లింల తగాదాలు, పేదరికం, పాకిస్తాన్ పేరు చెప్పి జరిగిన మోసం రాసుకున్నాడు. ఆ రాతలు చదివినవాళ్లు వీళ్లలో ఎంతమంది? భీముడి నోట్లో పెట్టిన మాటలకి మాత్రం దండ వేస్తారు. హేమర్ విసిరిన చేతికి కాదు, గద పట్టిన చేతికి దండ వేసినట్టే. మావాళ్లలోనూ కొందరున్నారు, వాళ్ల పురాణంతో మనకేం పని అనేవాళ్లు. వాళ్లకి ఉమర్ ఆలీషా పుస్తకం చేతికిచ్చి ఊరుకుంటాం.

ఇప్పుడు ప్రవీణ్ కుమార్ నటన గురించి. ఆయన గొప్ప నటుడు కాదు. ఆ హిందీలో పంజాబీ బరువు వినపడేది. కోపం వస్తే కళ్లు పెద్దవి చెయ్యడం, గద ఝళిపించడం, అంతకు మించి ఆయన్ని అడిగినవాళ్లు తక్కువ. దానికి ముందు 'షహెన్‌షా'లో ముఖ్తార్ సింగ్ అనే రౌడీ వేషం వేసి అమితాబ్ చేత తన్నులు తిన్నాడు. అప్పటి హిందీ సినిమాకి ఆయన దేహం కావాలి, అంతే. కానీ జూదసభ ఘట్టం వేరు. ద్రౌపదిని ఈడ్చుకొచ్చినప్పుడు ఆ ఆరున్నర అడుగుల మనిషి కదలకుండా కూర్చుని ఉంటాడు. లేవగలడు, లేవకూడదు. ఆ కూర్చోవడంలో నటన కంటే వేరే ఏదో ఉందని మాకు ఇప్పుడు అనిపిస్తుంది. వలయంలో నిలబడి, ఒళ్లంతా బయటికి లాగుతుంటే కాలు మాత్రం అంచు దాటనివ్వని అలవాటు అది. పాండవులందరిలో ఆ నిగ్రహం చూస్తే నమ్మబుద్ధేసింది ఈయన ఒక్కడి దగ్గరే.

చివర్లో దుర్యోధనుడితో గదాయుద్ధం. నాభికి కింద కొట్టకూడదన్నది నియమం. తొడ మీద కొడతాడు. ఆటగాడి భాషలో చెప్పాలంటే ఫౌల్. భారతంలో బలరాముడికి ఒళ్లు మండేది అందుకే. ఎర్రజెండా ఎత్తిన అంపైర్ ఆయన ఒక్కడే. పదేళ్లకి పైగా ఎర్రజెండా లేస్తే నోరు మూసుకుని వలయం వెనక నుంచి బయటికి నడిచిన మనిషి చేత దేశం చూస్తుండగా ఫౌల్ కొట్టించారు, కోట్లమంది చప్పట్లు కొట్టారు. మామ్మగారు కూడా కొట్టింది. మేమూ కొట్టాం. నియమం ఏమిటో ఆవేళ మాకెవరూ చెప్పలేదు. దుర్యోధనుడు చెడ్డవాడని చెప్పారు, అది సరిపోయింది. ఎదుటివాడు చెడ్డవాడని జనం ముందే తీర్మానించుకుంటే ఫౌల్ ఫౌల్ కాకుండా పోతుందన్న సంగతి మాకు 1992లో అర్థమైంది. రాహీ ఆ ఏడాది మార్చి 15నే కన్నుమూశాడు. డిసెంబరు చూడలేదు.

తెలుగువాళ్లకి ఇది కొత్త కథేం కాదు. దండమూడి రాజగోపాలరావు 1951 ఢిల్లీ ఆసియా క్రీడల్లో బరువులెత్తి పతకం తెచ్చాడు. 1963లో 'నర్తనశాల'లో భీముడు ఆయనే, కీచకుడు యస్వీ రంగారావు. బెజవాడలో ఆయన పేరున ఇండోర్ స్టేడియం ఉంది, అంతవరకు ఆయన అదృష్టవంతుడు. కానీ పాత సినిమా ప్రియుల్ని అడగండి, భీముడని చెప్తారు, ఎత్తిన బరువెంతో చెప్పరు. హైదరాబాదు సయ్యద్ అబ్దుల్ రహీం 1951లో, 1962లో రెండుసార్లు మన ఫుట్‌బాల్ జట్టుకి ఆసియా స్వర్ణం తెచ్చిన కోచ్. 1963లో చనిపోయాడు. 2024లో 'మైదాన్' సినిమా వచ్చేదాకా మా పిల్లల్లో చాలామందికి ఆ పేరు తెలీదు. మైదానంలో చేసిన పని తెర మీదికెక్కితే తప్ప చేసినట్టు కాదు.

తెర మీదికెక్కినవాళ్లకి తర్వాత దారులు తెరుచుకున్నాయి. మహాభారత్ 1990లో ముగిసింది. సెప్టెంబరులో సోమనాథ్ నుంచి రథం బయల్దేరింది. 1991లో రామాయణ్ సీత బరోడా నుంచి, రావణుడు సబర్‌కాంఠా నుంచి పార్లమెంటుకి వెళ్లారు. 1996లో మహాభారత్ కృష్ణుడు జంషెడ్‌పూర్ నుంచి వెళ్లాడు. ముగ్గురూ భారతీయ జనతా పార్టీయే. భీముడు చాలా ఆలస్యంగా వచ్చాడు. 2013లో ఆమ్ ఆద్మీ తరఫున ఢిల్లీ వజీర్‌పూర్ అసెంబ్లీకి నిలబడి ఓడిపోయాడు. మరుసటేడు ఆయనా భాజపాలో చేరాడు. రావణుడు గెలిచిన దేశంలో భీముడు ఓడిపోయాడు. ఆయన రాజకీయం మాకు నచ్చిందని కాదు, ఆ ఓటమి మాత్రం ఆయన్ని మాకు కాస్త దగ్గర చేసింది. పోయేముందు ఆయన చేసిన ఫిర్యాదు పత్రికల్లో వచ్చింది. ఆసియా క్రీడల్లో పతకాలు తెచ్చినవాళ్లకి ఇచ్చే పింఛను పంజాబ్‌లో ఏ ప్రభుత్వమూ తనకివ్వలేదని. గమనించండి, డెబ్బై నాలుగేళ్ల వయసులో ఆయన అడిగింది భీముడి పేరు మీద కాదు. హేమర్, డిస్కస్ పేరు మీద అడిగాడు. ఆ లెక్క ఆయన మరిచిపోలేదు.

2020 మార్చి 28 నుంచి లాక్‌డౌన్‌లో దూరదర్శన్ మళ్లీ మహాభారత్ వేసింది. ఈసారి టీవీ మా ఇంట్లోనే ఉంది. మా పిల్లలు చూశారు. మూడ్రోజులు తిరక్కుండా నిజాముద్దీన్ వార్తలు మొదలయ్యాయి. ఒక చానల్లో రాహీ రాసిన మాటలు, ధర్మమంటే ఏమిటో చెబుతూ. పక్క చానల్లో మా టోపీల మీద, గడ్డాల మీద వలయం గీసి, రోగం తెచ్చిందే వీళ్లని కేకలు. రిమోట్ నొక్కితే చాలు, హస్తినాపురం నుంచి ఆ చర్చలోకి వచ్చి పడేవాళ్లం. మా వీధిలో కూరగాయల బండి అతను కొన్నాళ్లు మా గుమ్మం ముందు ఆగలేదు. మామ్మగారు అప్పటికి లేరు. ఉంటే ఆ బండివాణ్ణి పిలిచి తిట్టేదని మా నమ్మకం. నమ్మకమే, రుజువేం లేదు.

ఆ రోజుల్లోనే మా చిన్నది అడిగింది, ఆ గద ఎంత బరువుంటుంది అబ్బా అని. నాటకాల గదల్లాగే తేలిక చెక్కో, అట్టో అయ్యుంటుందమ్మా అన్నాం. ఆయన నిజంగా విసిరింది ఇంకోటుంది, దాని బరువు ఏడుంపావు కిలోలు, అదీ చిన్నతనంలోనే సముద్రాలు దాటి వెళ్లి విసిరాడు అని చెప్పాం. చూపించమంది. కింగ్‌స్టన్‌లోనో బాంకాక్‌లోనో వలయంలో నిలబడి గుండు తిప్పుతున్న ప్రవీణ్ కుమార్ బొమ్మ కోసం ఆ రాత్రంతా ఫోనులో వెతికాం. తర్వాత 2022లో ఆయన పోయిన రోజూ మళ్లీ వెతికాం. మాకు దొరికినవన్నీ గద బొమ్మలే.